నష్టంలేని పాట, లాభంలేని చెవి

ఇరవయ్యేళ్లు ఎంపీత్రీలు విన్న పాపం నాది. మనిషి చెవి ఎలాగూ గమనించదులే అనుకున్న శబ్దాల్ని తీసి అవతల పారేస్తుందది. నా చెవి సంగతి దానికేం తెలుసు! అందుకే, ఒక్క బిట్టు కూడా పోనివ్వని 'లాస్‌లెస్' ఫ్లాక్ ఫైళ్ల దీక్ష పుచ్చుకున్నాను. అప్పట్నుంచి పాటలు వినడం మానేసి ఫైళ్లు వింటున్నాను.

తేడా ఏమిటంటారా? 1970లో లెడ్ జెపెలిన్ బ్యాండు తెచ్చిన 'లెడ్ జెపెలిన్ 3' ఆల్బమ్‌లో 'సిన్స్ ఐవ్ బీన్ లవింగ్ యూ' అని 7 నిమిషాలు దాటిన బ్లూస్ పాట ఉంది. రాబర్ట్ ప్లాంట్ గుండెలు పగిలేలా పాడుతుంటాడు. పామరులు దానికే కరిగిపోతారు. నేను వినేది జాన్ బోనమ్ కాలి కింద డ్రమ్ పెడల్ కిర్రు కిర్రుమనడం. పాపం, అంత పెద్ద బ్యాండులో దానికో చుక్క నూనె వేసే నాథుడు లేకపోయాడు. బీటిల్స్ 1967 నాటి 'సార్జెంట్ పెప్పర్స్' ఆల్బమ్ చివర్లో, పియానోల మీద కొందరు కలిసి ఒక్కసారిగా కొట్టిన కార్డ్ (స్వరాల గుత్తి) 40 సెకన్లకు పైగా సాగి సాగి ఆరిపోతూ ఉంటే, సరిగ్గా అక్కడ ఎవరిదో కుర్చీ కిర్రుమంటుంది. ఆ కుర్చీ కోసం రెండు జతల హెడ్‌ఫోన్లు మార్చాను.

మనిషికి 20 కిలోహెర్ట్జ్ దాటి వినపడదు, సీడీ 22 దాకా పట్టుకుంటుంది, ఇంకా ఎందుకయ్యా అని వాదించేవాళ్లున్నారు. వాళ్లది లెక్కల చదువు, నాది భక్తి. నా ఫైళ్లు 24 బిట్లు, 192 కిలోహెర్ట్జ్. అంటే అందులో సగం, 96 కిలోహెర్ట్జ్ దాకా శబ్దానికి చోటుంది. అంత ఎత్తున ఆనాటి టేపు బుస తప్ప ఇంకేముంటుందని మాత్రం అడక్కండి. కుక్కకు కూడా అందదది. గబ్బిలమైతే తలకిందులుగా వేలాడుతూ తల ఊపుతుంది.

కుక్కంటే గుర్తొచ్చింది. అదే 'సార్జెంట్ పెప్పర్స్' చివర బీటిల్స్ కుక్కల కోసం 15 కిలోహెర్ట్జ్ ఈల ఒకటి పెట్టారు. వినాలని కూర్చున్నాను. నిశ్శబ్దం. కేబుల్ మార్చాను. ఫైల్లోని అంకెల్ని శబ్దంగా మార్చే డీఏసీ మార్చాను. లైటార్పి విన్నాను. చివరికి మా అబ్బాయిని పిలిస్తే, వాడు హెడ్‌ఫోన్లు పెట్టుకోగానే మొహం చిట్లించాడు.

"అబ్బ, ఎంత కీచుగా ఉంది! ఫైలు లాస్‌లెస్సే నాన్నా. నీ చెవే ఎంపీత్రీ."

వయసు మీద పడేకొద్దీ ముందు పోయేవి ఆ పై శబ్దాలేనట. వాడు ఫోన్ స్పీకర్లోనే విని ఆ ఆల్బమంతా పాడేస్తాడు. పాడనివ్వండి. కుర్చీ ఎక్కడ కిర్రుమందో అడిగితే మాత్రం తెల్లమొహం వేశాడు.