తాటిరొట్టెకు చెల్లెలు ఈ అనాస కేకు

సింహాచలం గిరి ప్రదక్షిణ రోజున కొండ దిగువన తొలిపావంచా దగ్గర కొబ్బరికాయ కొట్టి, కొండ చుట్టూ 32 కిలోమీటర్లు నడిచే జనం రాత్రంతా మా గోపాలపట్నం మీదుగా వెళ్తూనే ఉంటారు. మా వీధి వాళ్ళు మజ్జిగ బిందెలు పట్టుకుని రోడ్డు పక్కనే తెల్లవార్లూ నిలబడతారు. ఈ ఏడు నా సెలవు సరిగ్గా ఆ ఆషాఢానికి కలిసొచ్చింది. పొద్దున్నే అడవివరం వెళ్ళి అనాసకాయలు తెచ్చాను. "కొండకాయమ్మా, పంచదారేటి అక్కర్నేదు" అంటూ బుట్ట ముందు కూర్చున్నావిడ కాయని తలకిందులుగా తిప్పి, అడుగు భాగం నా ముక్కు దగ్గర పెట్టింది. పండు ముగ్గిందో లేదో చెప్పేది ఆ అడుగు వాసనే. మూడు కాయలు తీసుకున్నాను. రెండు తినడానికి, ఒకటి అమ్మ కేకుకి.

ఈ వ్యాసం ఆ కేకు గురించే. కొన్నేళ్ళ కిందట ఒక తెలుగు సంఘం వాళ్ళు ఉగాది సంచికకి ఇంటి వంటలు రాసి పంపమన్నారు. నేను ఇదే పంపాను. "కేకు మన వంట కాదు కదండీ, మనదేదైనా పంపండి" అని జవాబొచ్చింది. మర్యాదగానే రాశారు. రాసిన మనిషి మీద నాకు కోపం లేదు. ఆ మాటతో మాత్రం నేను అప్పుడూ ఏకీభవించలేదు, ఇప్పుడూ ఏకీభవించను. నలభై ఏళ్ళకి పైగా విశాఖపట్నంలో, తెలుగింట్లో, తెలుగు తల్లి చేతుల మీదుగా, అనకాపల్లి బెల్లంతో తయారవుతున్న వంట మనది కాకపోతే మరి ఎవరిది?

మా నాన్న వాల్తేరు రైల్వేలో పనిచేసేవారు. పెళ్ళయి క్వార్టర్స్‌కి వచ్చినప్పుడు అమ్మకి పంతొమ్మిదేళ్ళు. పక్క క్వార్టరు ఒక ఆంగ్లో ఇండియన్ కుటుంబానిది. రైల్వే ఉన్న ఊళ్ళన్నిట్లో లాగే వాల్తేరులోనూ అప్పట్లో వాళ్ళ కుటుంబాలు చాలానే ఉండేవి. ఆ ఇంటావిడకి తెలుగు కొద్దిగా, అమ్మకి ఇంగ్లీషు అంతకంటే కొద్దిగా వచ్చు. ఇద్దరి మధ్యా గోడ మీదుగా గిన్నెలు నడిచాయి. ఇటునుంచి కొబ్బరి పచ్చడి వెళ్తే అటునుంచి అనాస చక్రాలు పైకి తేలిన కేకు వచ్చేది. మైదా, వెన్న, నాలుగు గుడ్లు, పంచదార పాకం. మా నాన్నమ్మ వంటింట్లోకి గుడ్డు రానిచ్చేది కాదు. మైదా ఇంట్లో ఉండేది కాదు. వెన్నంతా నెయ్యికే సరిపోయేది. మరి అమ్మ ఏం చేసింది?

తాటిరొట్టె చేసినట్టు చేసింది.

భీమిలి దారిలో తాటిచెట్ల మధ్య పుట్టి పెరిగిన మనిషి మా అమ్మ. శ్రావణ భాద్రపదాల్లో పండి రాలిన తాటిపళ్ళని వాళ్ళింట్లో పీచు తీసి పిసికి గుజ్జు తీసేవాళ్ళు. అందులో బియ్యపురవ్వ, బెల్లం, కొబ్బరికోరు కలిపి, మందపాటి గిన్నెలో నూనె రాసి పోసి, సన్నని సెగ మీద పెట్టేవాళ్ళు. మూతమీద కూడా నిప్పులు పోసేవాళ్ళు. కిందా సెగ, పైనా సెగ. గంటకి అడుగు ఎర్రగా కాలి, లోపల మెత్తగా, ముక్క కోస్తే బంగారు రంగులో వచ్చేది. పండు, పిండి, తీపి, చుట్టూ పొడి వేడి. ఇంతకంటే కేకు అంటే ఏమిటో నాకెవరైనా చెప్పాలి. ఓవెన్ అనే పెట్టె లేకుండానే మన వాళ్ళు తరతరాలుగా పండుని కాల్చి తీపి చేశారు. దిబ్బరొట్టె కాల్చే పద్ధతీ అదే. అరకులో వెదురు బొంగులో మాంసం కుక్కి నిప్పుల మీద కాల్చేవాళ్ళది ఆ పద్ధతికి దగ్గర చుట్టరికమే.

అమ్మ పక్కింటి కేకులోంచి మైదా తీసేసి బొంబాయి రవ్వ వేసింది. గుడ్ల బదులు పుల్ల పెరుగు, పంచదార బదులు బెల్లం. పైనున్న అనాస చక్రాలు మాత్రం అలాగే ఉంచింది. అలా ఆ గోడ దగ్గర ఇద్దరాడవాళ్ళ వంటలు కలిసి మూడో వంట పుట్టింది. దాన్ని నేను తాటిరొట్టెకు చెల్లెలు అంటాను.

"అనాస అసలు మన పండే కాదు" అని అన్నవాళ్ళూ ఉన్నారు. నిజమే, దాని పుట్టిల్లు దక్షిణ అమెరికా. పదహారో శతాబ్దంలో పోర్చుగీసు వాళ్ళ ఓడల్లో వచ్చింది. అనాస అన్న పేరు కూడా అక్కడి ఆదివాసుల మాటే, పోర్చుగీసు నోటి మీదుగా మనకి చేరింది. అయితే మిరపకాయ వచ్చిందీ ఆ సముద్రం మీదే. టమాటా పుట్టిల్లూ అటువైపే. మిరపకాయ లేకుండా ఉగాది సంచికకి ఒక్క ఆవకాయ రాసి పంపమనండి చూద్దాం. సింహాచలం కొండవాలు మీద కాసే అనాసని ఈ ఊరు ఏనాడో తనది చేసుకుంది. అప్పన్న దర్శనానికి వెళ్ళి సంపెంగపువ్వూ అనాసకాయా తేకుండా దిగొచ్చిన ఇల్లు మా బంధువుల్లో లేదు.

అమెరికా వాళ్ళు తమదే అనుకునే అనాస తలకిందుల కేకు సంగతీ ఇంతే. 1925లో హవాయి అనాస కంపెనీ డబ్బా అనాసతో చేసే వంటలకి పోటీ పెడితే దాదాపు 60,000 వచ్చాయట. అందులో 2,500 ఈ కేకువే. పండు వాళ్ళ నేల మీద పుట్టింది కాదు, వచ్చింది దూరపు దీవుల నుంచి, అదీ డబ్బాలో. అయినా అక్కడ ఆ కేకుని మా అమ్మమ్మ వంట అని చెప్పుకోవడానికి ఎవరూ వెనకాడరు. మనమెందుకు వెనకాడాలి?

ఇప్పుడు పద్ధతి చెప్తాను, ఎందుకంటే వాదన కంటే ఇదే ముఖ్యం. అమ్మ గ్లాసు పావులీటరుది. అనాసకాయ చెక్కు తీసి, కళ్ళు ఏటవాలుగా కోసేసి, నడుమ గట్టి కాడ తీసి, వేలెడు మందాన చక్రాలు కొయ్యాలి. అరగ్లాసు బెల్లం తురుములో నాలుగు చెంచాల నీళ్ళు పోసి కరిగించి వడగట్టి, అందులో చక్రాలు వేసి, నీరంతా ఇగిరి పాకం ముక్కకి అంటుకునేదాకా ఉడికించాలి. ఇది తొందరపడి మానెయ్యకూడదు. పచ్చి అనాసలో పాలలోని మాంసకృత్తుల్ని విరగ్గొట్టే ఎంజైమ్ ఉంటుంది. పచ్చిముక్కలు పెరుగు పిండిలో కాసేపు నానితే పిండి చేదెక్కుతుంది. ఉడికిస్తే దాని పని అయిపోతుంది. అమ్మకి ఎంజైమ్ పేరు తెలియదు. "పచ్చిది పెరుగులో వేస్తే పగబడతాది" అంటుంది.

పిండికి ఒక గ్లాసు సన్న బొంబాయి రవ్వ, అరగ్లాసు గోధుమపిండి, గ్లాసు పుల్ల పెరుగు, ముప్పావు గ్లాసు బెల్లం, పావు గ్లాసు కరిగిన నెయ్యి. సోడా తప్ప అన్నీ కలిపి అరగంట పక్కన పెట్టాలి. రవ్వ నానకపోతే కేకు పంటికింద గరగరలాడుతుంది. బెల్లం ముదురు రంగుది చూసుకోండి. పచ్చగా మెరిసే బెల్లానికి హైడ్రోస్ లాంటి మందు వేసి తెల్లబరుస్తారు. ముదురు బెల్లానికుండే మాడు వాసన దానికి రాదు. అనకాపల్లి బజారులో అమ్మ నల్లదిమ్మ కోసం నాలుగు కొట్లు తిరుగుతుంది.

డేగిసాలో రెండంగుళాల ఇసుక పోసి, మధ్యలో చిన్న స్టాండు పెట్టి, మూతపెట్టి పదినిమిషాలు వేడెక్కనివ్వాలి. బీచి ఇసుక మాత్రం వద్దు. అందులో ఉప్పుంటుంది, అల్యూమినియాన్ని తినేస్తుంది. ఏటి ఇసుక జల్లించి, కడిగి, ఎండబెట్టుకోవాలి. మాది ముప్పై ఏళ్ళుగా ఒకటే ఇసుక, బిస్కట్ డబ్బాలో దాచి ఉంటుంది. గిన్నెకి నెయ్యి రాసి అడుగున చక్రాలు పేర్చి, పాకం పోసి, ఆఖరి నిమిషంలో అరచెంచా వంటసోడా పిండిలో కలిపి, వెంటనే పోసి, వెంటనే డేగిసాలోకి దింపాలి. పెరుగు పులుపూ బెల్లమూ తగలగానే సోడా పొంగుతుంది, ఆ పొంగు మనకోసం ఆగదు. సన్నని సెగమీద యాభై నిమిషాలు. కడిగిన కొత్త చీపురుపుల్ల గుచ్చితే తడి అంటకూడదు. దించాక పదినిమిషాలు ఆగి కంచంలోకి బోర్లించాలి. ముందే బోర్లిస్తే విరుగుతుంది, చల్లారిపోతే బెల్లం గిన్నెకి పట్టేసి పైపొర అక్కడే ఉండిపోతుంది.

మీ దగ్గర ఓవెన్ ఉంటే 175 డిగ్రీల సెల్సియస్, అంటే 350 ఫారెన్‌హీట్, నలభై నిమిషాలు. అమెరికా దుకాణాల్లో దొరికే తాజా అనాస ఎక్కువగా కోస్టారికాది. మంచి తీపి, కానీ కొండకాయకున్న పులుపు లేదు. ఉడికించేటప్పుడు అరచెక్క నిమ్మరసం పిండండి. డబ్బా అనాస అయినా తప్పులేదు, అది ముందే వేడి తగిలిన పండు కనక చేదు భయం కూడా ఉండదు. యాపిల్ దొరికే చోట యాపిల్ వేసుకోండి. ఫలానా పండు దొరకలేదని వంట మానుకోవడం నాకు నచ్చదు. 2014 అక్టోబరు 12న హుద్‌హుద్ తుపాను వచ్చి వెళ్ళాక మా పేటలో రోజుల తరబడి కరెంటు లేదు. నేను కొనిచ్చిన కరెంటు ఓవెన్ మూల కూర్చుంది. అమ్మ బిస్కట్ డబ్బాలోంచి ఇసుక తీసి, గ్యాసు పొయ్యి మీద డేగిసా ఎక్కించి, మిగలపండిన అరటిపళ్ళతో మూడు కేకులు కాల్చి, విరిగిన చెట్లు కొడుతున్న కుర్రాళ్ళకి ముక్కలు పంచింది. ఫోన్లు కలిశాక నాకు మొదట చెప్పింది ఇల్లు ఎలా ఉందో కాదు, ఇసుక తడవలేదని.

అందుకే తెలుగు సంఘాల సంచికల్లో వంటల పేజీ చూసేవాళ్ళని ఒకటి అడుగుతున్నాను. పులిహోరా బొబ్బట్లూ ఎన్నో చోట్ల దొరుకుతాయి, వాటికి ఢోకా లేదు. పోయేవి ఇలాంటివే. మీ అమ్మలు ఇసుక మీద కాల్చినవి, పొరుగింటి నుంచి నేర్చి మార్చుకున్నవి, పండగతో సంబంధం లేకుండా ఆదివారం మధ్యాహ్నం ఉత్తినే చేసినవి. వాటిని మనది కాదని పక్కనపెడితే ఇంకెవరూ రాసిపెట్టరు. పంపేవాళ్ళు కూడా "తగినంత" అని రాసి వదిలెయ్యకండి. ఆ ఇంటి గ్లాసులో ఎన్ని నీళ్ళు పడతాయో కొలవండి. నేర్పిందెవరో, ఏ వాడలోనో, ఏం మార్చారో రాయండి.

ఇదంతా రాశాక అమ్మకి ఫోన్లో చదివి వినిపించాను. బెల్లం కొలత దగ్గర ఊఁ కొట్టింది, హుద్‌హుద్ దగ్గర మాట్లాడలేదు. అయిపోయాక కాసేపాగి అంది: "రవ్వ వేసింది నేనని స్పష్టంగా రాశావుటే? ఆవిడది మైదాతో దూదిలా ఉండేది. ఇది చదివి ఎవరైనా చేసుకుంటే, ఆవిడ కేకు ఇంత గట్టిగా ఉండేదా అనుకుంటారు, పాపం."