“మొదటి రోజే క్యాంపు వేసుకో” అనే సలహా డోంట్ స్టార్వ్ టుగెదర్‌లో ఎందుకు చెల్లదు

అడవిలో బతికి బట్టకట్టడమే పనిగా సాగే వీడియో గేమ్ డోంట్ స్టార్వ్ టుగెదర్‌ని కొత్తగా మొదలుపెట్టినవాళ్లకి ఎక్కడ చూసినా ఒకే సలహా ఎదురవుతుంది. స్క్రీన్‌షాట్లుగా, చిన్న వీడియోలుగా చేతులు మారుతూనే ఉంది. దాని సారాంశం ఇది: “పుట్టిన చోటికి దగ్గర్లో బెర్రీ పొదలు చూసుకుని మొదటి రోజే ఫైర్‌పిట్ (రాళ్లతో కట్టే స్థిరమైన నిప్పుగుండం) కట్టు. చీకటి పడేలోపు అక్కడికి తిరిగొచ్చెయ్. కనబడ్డ తిండంతా పోగుచేసి, వండి దాచుకో. సైన్స్ మెషీన్ (కొత్త వస్తువుల తయారీ నేర్పే యంత్రం) స్థిరమైన క్యాంపు కుదిరాకే పెట్టు. దేనితోనూ కొట్లాటకు దిగకు. చలికాలానికి కట్టెలు బాగా పోగేస్తే చాలు.”

వినడానికి బుద్ధిగా ఉంది. పాటిస్తే ఇరవై రోజులు సాఫీగానే గడుస్తాయి. చిక్కంతా ఇరవై ఒకటో రోజున మొదలవుతుంది. మామూలు సెట్టింగుల్లో ఆట మొదలయ్యే శరదృతువు 20 రోజులు, దాని వెంటే వచ్చే చలికాలం 15 రోజులు. చలికాలంలో చచ్చిపోయినవాళ్లు కట్టెలు చాల్లేదనో తిండి చాల్లేదనో అనుకుంటారు. నిజానికి చాలనిది వాళ్లు చూసిన మ్యాప్. బంగారం ఎక్కడుందో, బీఫలోల (ఉన్ని ఉన్న అడవిదున్నల్లాంటి జంతువుల) మంద ఎక్కడ మేస్తుందో, కుందేళ్ల బొరియలు ఎక్కడున్నాయో తెలియకుండానే శరదృతువంతా ఒక్క ఫైర్‌పిట్ చుట్టూ కరిగిపోయింది. దీపం ఉండగానే ఇల్లు చక్కబెట్టుకోవాలన్న మాట ఈ ఆటలో శరదృతువుకి అక్షరాలా వర్తిస్తుంది. ఆ సలహాలోని ఒక్కో ముక్కనీ విల్సన్ అనే పాత్రతో, మామూలు సెట్టింగులతో ఆడే ఆట లెక్కల్లో చూద్దాం.

“మొదటి రోజే ఫైర్‌పిట్ కట్టు, చీకటి పడేలోపు తిరిగొచ్చెయ్”

మొత్తం సలహాలో ఎక్కువ నష్టం చేసే ముక్క ఇదే. దీని వెనకున్న భయం మాత్రం నిజం. వెలుతురు లేకుండా నిలబడితే చీకట్లో దాగి ఉండే చార్లీ కొడుతుంది, ఒక్కో దెబ్బకి 100 ప్రాణం పోతుంది. విల్సన్‌కి ఉన్నది 150. రెండో దెబ్బకి కథ ముగుస్తుంది. అయితే దీనికి మందు వెలుతురు, ఇల్లు కాదు.

ఆటలో ఒక రోజు 8 నిమిషాలు. గడియారంలో 16 ముక్కలుంటాయి, ఒక్కో ముక్క 30 సెకన్లు. ఆట మొదట్లో వచ్చే శరదృతువులో అసలు చీకటి రెండు ముక్కలే, అంటే ఒక్క నిమిషం. 2 గడ్డి, 2 పుల్లలతో తయారయ్యే టార్చ్ 75 సెకన్లు వెలుగుతుంది. చేతిలో పట్టుకున్నప్పుడే అది కాలుతుంది, సంచిలో ఉంటే తరగదు. అంటే రెండేసి గడ్డి పరకలూ పుల్లలూ పెట్టి ఒక రాత్రంతా నడుచుకుంటూ దాటేయొచ్చు. ఫైర్‌పిట్‌కి 12 రాళ్లు, 2 దుంగలు పోస్తారు, పైగా సంధ్యవేళ ఎంత దూరంలో ఉన్నా వెనక్కి పరుగెత్తాలి. సంధ్య ఆరు ముక్కలుంటుంది, మూడు నిమిషాలు. ఆ మూడు నిమిషాల్లోనూ చుట్టూ కనిపిస్తూనే ఉంటుంది. తిరుగు ప్రయాణానికి దాన్ని ఖర్చుపెట్టేవాళ్లు రోజులో మూడో వంతుకి పైగా పోగొట్టుకుంటున్నారు.

కాబట్టి మొదటి రోజు చేయాల్సింది ఇది. నడుస్తూనే గడ్డి, పుల్లలు, ఫ్లింట్ (చెకుముకి రాయి) ఏరండి. ఆగి ఏరకండి, దారిలో ఉన్నవే తీసుకోండి. 1 పుల్ల, 1 ఫ్లింట్‌తో గొడ్డలి, 2 పుల్లలు, 2 ఫ్లింట్‌లతో పికాక్స్ వస్తాయి. రెండు టార్చ్‌లకు సరిపడా సరుకు ఎప్పుడూ సంచిలో ఉండాలి. దానికి తోడు 3 గడ్డి, 2 దుంగలు విడిగా దాచండి, అది అత్యవసరానికి క్యాంప్‌ఫైర్. రోడ్డు కనబడితే దాని మీదే నడవండి, అక్కడ నడక వేగం పెరుగుతుంది. రోడ్డు లేకపోతే తీరం వెంట వెళ్లండి. మ్యాప్ అంచు తెలిస్తే లోపలి భాగం ఊహించడం సులువవుతుంది.

రాత్రి నడకలో ప్రాణం తీసే తప్పు ఒకటుంది. టార్చ్, గొడ్డలి, పికాక్స్ అన్నీ ఒకే చేతి స్థానం వాడతాయి. చీకట్లో చెట్టు నరుకుదామని గొడ్డలి తీస్తే టార్చ్ సంచిలోకి పోతుంది, మీరు చీకట్లో నిలబడతారు. నరకడం, తవ్వడం సంధ్యలో ముగించండి. రాత్రి గడ్డి, పుల్లలు కోయడమే. టార్చ్ శాతం పది దగ్గరకొస్తే రెండోది చేతిలోకి తీసుకోండి, ఆరిపోయేదాకా చూడకండి.

స్థిరమైన నిప్పు అవసరం వచ్చేది చలికాలంలోనే. అప్పుడు రాత్రి మూడు నిమిషాల దాకా సాగుతుంది. ఒక్కో రాత్రికి మూడేసి టార్చ్‌లు కాల్చడం దండగ. ఫైర్‌పిట్‌కి న్యాయం జరిగేది అక్కడ.

“పుట్టిన చోటికి దగ్గర్లో బెర్రీ పొదలున్న చోట స్థిరపడు”

బెర్రీ పొదలు చలికాలంలో కాయవు. గడ్డి, పుల్లల మొక్కలూ పెరగవు. అంటే ఏ కారణంతో ఆ చోటు ఎంచుకున్నారో ఆ కారణం ఇరవై ఒకటో రోజున మాయమవుతుంది. ఇంకో పొరపాటు కూడా ఈ సలహా వెంటే వస్తుంది. దూరంగా ఉన్న పొదల్ని పారతో తవ్వి తెచ్చి క్యాంపులో నాటడం. తవ్వి నాటిన బెర్రీ పొదలకీ గడ్డికీ ఎరువు వేస్తేనే ప్రాణం వస్తుంది. ఎరువంటే ప్రధానంగా బీఫలో పేడ. మంద ఎక్కడుందో తెలియనివాళ్లు మూడో రోజే ఇరవై పొదలు తవ్వి తెచ్చుకుంటే క్యాంపు చుట్టూ ఎండిన ముళ్లే మిగులుతాయి. పుల్లల మొక్కలకి మాత్రం ఎరువు అక్కర్లేదు, వాటిని ధైర్యంగా తెచ్చుకోవచ్చు.

క్యాంపు చోటు ఐదు నుంచి ఏడో రోజు మధ్య, మ్యాప్ సగమైనా చూశాక ఎంచుకోండి. కావాల్సినవి: ఒక రోజు నడకలో రాతి నేల, బీఫలోలు మేసే పచ్చిక మైదానం, కుందేళ్ల బొరియలు. బీఫలో మంద కనుచూపు దూరంలో ఉంటే చాలు, నట్టనడుమ కట్టొద్దు. వసంతంలో వాటి వెనక భాగం ఎర్రబడుతుంది, అప్పుడు దగ్గరకెళ్లినవాళ్లని తరిమి పొడుస్తాయి. దట్టమైన అడవి మధ్యలో కూడా వద్దు, ఎండాకాలంలో చెట్లు వాటంతటవే అంటుకుంటాయి. బురద నేలలో టెంటకిల్స్ (దగ్గరకొచ్చినవాళ్లని కొట్టే తీగల్లాంటి చేతులు) నేలలోంచి లేస్తాయి, అటువైపు అన్వేషణ తర్వాతకి వాయిదా వేయండి.

“కనబడ్డ తిండంతా పోగుచేసి వండి దాచుకో”

విల్సన్ కడుపు 150, రోజుకి ఖర్చయ్యేది 75. అంటే నిండు కడుపుతో మొదలైన ఆటలో రెండు రోజులు ఏమీ తినకపోయినా నడుస్తుంది. ఆకలి సున్నాకి పడ్డాక మాత్రం రెండు నిమిషాల్లో ప్రాణం పోతుంది, కాబట్టి సున్నాని సరిహద్దుగా పెట్టుకోకండి. 50 దగ్గర తినడం మొదలుపెడితే సరిపోతుంది. 140 మీద ఉండగా తింటే ఆ తిండి వృథా.

దాచడం గురించి చెప్పే మాట ఇంకా తప్పు. పచ్చి బెర్రీ 6 రోజులు నిలుస్తుంది, నిప్పు మీద కాల్చిన బెర్రీ 3 రోజులే. క్యారెట్ పచ్చిది 10 రోజులు, కాల్చింది 6. ముందే వండి దాచినవాళ్లు తమ నిల్వని తామే సగానికి కోసుకుంటున్నారు. పండో కూరగాయో అయితే తినే ముందు కాల్చండి. మాంసం విషయంలో లెక్క తిరగబడుతుంది. పచ్చి మాంసం 6 రోజులు, కాల్చితే 10, ఎండబెట్టి జెర్కీ చేస్తే 20. డ్రైయింగ్ ర్యాక్‌కి 3 పుల్లలు, 2 బొగ్గులు, 3 తాళ్లు కావాలి. ఒక్కో తాడుకి 3 గడ్డి.

అసలు తిండి సమస్య తీర్చేది పోగు కాదు, నాలుగు పదార్థాలు కలిపి వండే కుండ, క్రాక్‌పాట్. 3 కట్ స్టోన్ అంటే 9 రాళ్లు, 6 బొగ్గులు, 6 పుల్లలు. గడ్డికీ పొదలకీ దూరంగా ఉన్న ఏడెనిమిది చెట్ల గుంపుకి టార్చ్‌తో నిప్పు పెట్టండి, ఆరాక ఒక్కో మొద్దునీ గొడ్డలితో కొడితే బొగ్గు రాలుతుంది. ఆ తర్వాత చిన్న మాంసం ముక్క ఒకటి, బెర్రీలు మూడు వేస్తే మీట్‌బాల్స్. ఆకలి 62.5 తీరుతుంది. అవే నాలుగింటినీ విడివిడిగా తింటే 40 చిల్లర. బెర్రీలు లేని చలికాలంలో మంచు గడ్డలు మూడు వేసినా మీట్‌బాల్సే వస్తాయి. మంచు దిబ్బల్ని పికాక్స్‌తో కొడితే దొరుకుతుంది. పచ్చిగా తింటే 20 ప్రాణం, 15 మతి (పాత్ర మానసిక స్థిమితం) పోగొట్టే మాన్‌స్టర్ మీట్ కూడా కుండలో ఒక్కటి పడితే ఏమీ కాదు. రెండు పడితే మాన్‌స్టర్ లసాన్యా అవుతుంది. అది తినకండి. పుల్లలు వేస్తే మీట్‌బాల్స్ రావు.

మాంసం కోసం 2 పుల్లలు, 6 గడ్డితో ఉచ్చు చేసి కుందేలు బొరియ మీదే పెట్టండి. ఎర అక్కర్లేదు, ఒక్కో ఉచ్చు 8 సార్లు పనిచేస్తుంది. కుందేళ్లు చలికాలంలోనూ దొరుకుతాయి. అందుకే పొదలకంటే బొరియలు ముఖ్యం. ఆరేడు ఉచ్చులున్నవాళ్లకి బెర్రీ నిల్వ గురించిన చింతే ఉండదు.

“సైన్స్ మెషీన్ స్థిరమైన క్యాంపు కుదిరాకే”

1 బంగారం, 4 దుంగలు, 4 రాళ్లు. అంతే దాని ఖరీదు. బంగారం దొరికిన రాతి నేల మీదే, ఆ నిమిషమే పెట్టేయండి. ఒక వస్తువుని మెషీన్ పక్కన ఒక్కసారి తయారుచేస్తే ఆ తర్వాత ఎక్కడైనా చేసుకోవచ్చు. కొత్తది చేసిన ప్రతిసారీ మతి కూడా కాస్త పెరుగుతుంది. తాడు, కట్ స్టోన్, పలకలు, ఈటె, బ్యాక్‌ప్యాక్ అన్నీ అక్కడే నేర్చుకుని ముందుకు సాగండి. మెషీన్‌ని వదిలేసినా నష్టం లేదు.

క్రాక్‌పాట్ లాంటి కట్టడాలకి ఇంకో సదుపాయం ఉంది. మెషీన్ దగ్గర నిర్మాణం మీద నొక్కి సరుకు ఖర్చయ్యాక, అక్కడే దింపకుండా రద్దు చేస్తే అది మీ ఖాతాలో సిద్ధంగా ఉంటుంది. సంచిలో చోటు కూడా తీసుకోదు. నాలుగు రోజుల తర్వాత నచ్చిన చోట దింపుకోవచ్చు. క్యాంపు లేనిదే పరిశోధన లేదన్న వాదన ఇక్కడే కూలిపోతుంది.

సైన్స్ మెషీన్ తర్వాతి మెట్టయిన ఆల్కెమీ ఇంజిన్ మాత్రం క్యాంపులో పెట్టేదే. 4 పలకలు, 2 కట్ స్టోన్, 2 ఎలక్ట్రికల్ డూడాడ్‌లు. ఒక్కో డూడాడ్‌కి 2 బంగారం, 1 కట్ స్టోన్. విప్పి చూస్తే 16 దుంగలు, 12 రాళ్లు, 4 బంగారం. ఇవి తెచ్చుకోగలిగేది రాతి నేల చూసినవాళ్లే.

“దేనితోనూ కొట్లాటకు దిగకు”

మీరు దిగకపోయినా హౌండ్‌లు (వేటకుక్కలు) వెతుక్కుంటూ వస్తాయి. గుర్రుమనే చప్పుడు దగ్గరవుతుంటే అదే హెచ్చరిక. మొదటి గుంపు చిన్నది, ఆయుధం ఉంటే సులువు. హౌండ్ ప్రాణం 150, ఈటె దెబ్బ 34, ఐదు పోట్లకి పడుతుంది. ఈటెకి 2 పుల్లలు, 1 తాడు, 1 ఫ్లింట్. కాపలాగా 8 దుంగలు, 2 తాళ్లతో లాగ్ సూట్, తగిలే దెబ్బలో 80 శాతం అదే మింగుతుంది. లాగ్ సూట్, బ్యాక్‌ప్యాక్ ఒకే స్థానంలో వేసుకునేవి. సూట్ తొడిగితే బ్యాక్‌ప్యాక్ నేల మీద పడుతుంది. పోరు ముగిశాక దాన్ని తీసుకోవడం మర్చిపోయి సగం సరుకు పోగొట్టుకునేవాళ్లు చాలామంది. 1 పంది చర్మం, 1 తాడుతో ఆల్కెమీ ఇంజిన్ దగ్గర ఫుట్‌బాల్ హెల్మెట్ చేసుకుంటే ఆ గొడవ తప్పుతుంది, అదీ 80 శాతమే ఆపుతుంది.

సాలీళ్లతో ముందు సాధన చేయండి. ఒక్కోదానికి 100 ప్రాణం, ఈటెతో మూడు పోట్లు. గూడు మీద పడకండి, అంచున తిరిగే ఒకటీ రెండింటిని బయటికి లాగండి. అది ముందుకొచ్చి కాటు వేయబోతుండగా వెనక్కి జరగండి, కాటు గాలిలో పోయాక రెండు పోట్లు పొడిచి మళ్లీ జరగండి. పట్టు, మాంసం, గ్రంథి దొరుకుతాయి. ఒక గ్రంథి, 2 బూడిద, 1 రాయితో చేసిన లేపనం 20 ప్రాణం తిరిగిస్తుంది. ఇంకా చేయి తిరగకపోతే హౌండ్‌లని బీఫలో మందలోకి నడిపించండి. వాటి కాటు ఒక్క బీఫలోకి తగిలినా మంద మొత్తం తిరగబడుతుంది.

“చలికాలానికి కట్టెలుంటే చాలు”

కట్టెలు మిమ్మల్ని నిప్పు పక్కన కూర్చోబెడతాయి. నిప్పు పక్కన తిండి దొరకదు. చలి బిగిస్తే ఆకలితో సమానంగా రెండు నిమిషాల్లో ప్రాణం తీస్తుంది. కాబట్టి నిప్పుని వెంట తీసుకెళ్లే ఏర్పాటు కావాలి. దాని పేరు థర్మల్ స్టోన్: 10 రాళ్లు, 3 ఫ్లింట్, 1 పికాక్స్, ఆల్కెమీ ఇంజిన్ దగ్గర. ఫైర్‌పిట్ పక్కన నేల మీద పెడితే వేడెక్కి రంగు మారుతుంది, సంచిలో వేసుకుని బయల్దేరండి. నారింజ రంగు తగ్గి బూడిద రంగుకి తిరిగితే దగ్గర్లో క్యాంప్‌ఫైర్ వేసి మళ్లీ వేడిచేయండి. తలకి కనీసం 2 కుందేళ్లు, 1 పుల్లతో ఇయర్‌మఫ్స్. 2 పుల్లలు, 2 ఫ్లింట్‌తో కత్తి చేసుకుని రాత్రి నిద్రపోతున్న బీఫలోల ఉన్ని గొరిగితే, 4 ఉన్ని, 4 సాలె పట్టుతో వింటర్ హ్యాట్ వస్తుంది, అది మరింత మేలు. ఈ పనంతా పద్దెనిమిదో రోజుకి పూర్తికావాలి, దాంతోపాటు గడ్డి, పుల్లలు రెండేసి స్టాక్‌ల నిండుగా పెట్టెలో ఉండాలి. కట్టెలే నిజానికి చివర చూసుకోవాల్సినవి, చెట్లని చలికాలంలోనూ నరకొచ్చు.

చలికాలం మధ్యలో డీర్‌క్లాప్స్ అనే భారీ మృగం వస్తుంది. దాని గర్జన మొదలైన వెంటనే టార్చ్‌లు, థర్మల్ స్టోన్ తీసుకుని క్యాంపు నుంచి రెండు మూడు తెరల దూరం వెళ్లిపోండి. అది ఆటగాడు ఉన్న చోటికే వస్తుంది, దగ్గర్లో కట్టడాలుంటే వాటినీ పగలగొడుతుంది. మీరు క్రాక్‌పాట్ పక్కనే నిలబడితే క్రాక్‌పాట్ పోతుంది, చెట్ల నడుమ నిలబడితే చెట్లే పోతాయి.