నాప్‌స్టర్ కథ ముగిసింది సరే, మన పద్యాల గ్రామఫోన్ ప్లేట్ల సంగతేంటి?

ఒకరి కంప్యూటర్‌లోని పాటను ఇంకొకరు నేరుగా దించుకునే సాఫ్ట్‌వేర్లను కోర్టులే చంపేశాయని చాలామంది అనుకుంటారు. అది సగమే నిజం.

1999లో షాన్ ఫానింగ్ అనే అమెరికా విద్యార్థి తెచ్చిన నాప్‌స్టర్‌లో పాటలు జనం కంప్యూటర్లలోనే ఉండేవి. ఏ పాట ఎవరి దగ్గరుందో చెప్పే జాబితా మాత్రం కంపెనీ సర్వర్‌లో ఉండేది. ఆ జాబితానే కొంప ముంచింది. రికార్డు కంపెనీలు కేసు వేసి గెలిచాయి, 2001 జులైలో అది ఆగిపోయింది. తర్వాత వచ్చిన గ్నుటెల్లా అనే ఫైళ్లు పంచుకునే నెట్‌వర్క్ ఆ జాబితానే తీసేసింది. దాని మీద నడిచిన లైమ్‌వైర్ అనే సాఫ్ట్‌వేర్‌ను కోర్టు ఆపేసరికి 2010 అక్టోబర్ వచ్చింది. ఈలోగా 2003 నుంచి మామూలు శ్రోతల మీదే వేల కేసులు పడ్డాయి. అయినా జనం మానలేదు.

మాన్పించింది సౌకర్యం. అనంతపురం సెల్ షాపుల్లో మెమరీ కార్డులోకి పాటలు ఎక్కించుకున్న తరానికి ఇది బాగా తెలుసు. పాట అనుకుని దించితే ఒక్కోసారి వైరస్ వచ్చేది, ఒక్కోసారి సగం పాటే వచ్చేది. 2016లో జియో వచ్చి డేటా చవకయ్యాక, పాటలు యాప్‌లోనే వినే వీలుండటంతో ఆ తిప్పలు ఎవరికీ అక్కర్లేకపోయింది. పాడినవాళ్లకూ రాసినవాళ్లకూ రావాల్సిన డబ్బు ఎగ్గొట్టిన పద్ధతి పోవడం న్యాయమే.

కానీ ఒకటి మాత్రం నష్టపోయాం. యాప్‌లో కంపెనీకి హక్కులున్న పాటలే ఉంటాయి. పంచుకునే రోజుల్లో ఎవరో ఒకరు దాచుకున్నదల్లా దొరికే వీలుండేది. సురభి నాటకం పుట్టిన కడప జిల్లాలో, పౌరాణిక పద్యమంటే తెల్లవార్లూ కూర్చునే మన సీమలో, ఆ తేడా చిన్నది కాదు. పాత ప్లేట్లు, రాత్రి నాటకాల్లో టేపు రికార్డర్ పెట్టి పట్టిన క్యాసెట్లు అటకల మీద బూజు పడుతున్నాయి. టేపు ఒకసారి అతుక్కుపోతే ఆ గొంతు ఇక లేనట్టే.

మన చట్టం ప్రకారం విడుదలైన రికార్డుపై హక్కు 60 ఏళ్లే. పద్యం మీద హక్కు కూడా కవి పోయాక 60 ఏళ్లకు తీరిపోతుంది. అంటే ఆ పాత ప్లేట్లలో చాలావాటిని ఇప్పుడు ఎవరైనా బాహాటంగా పంచుకోవచ్చు. ఇంటర్నెట్ ఆర్కైవ్ అనే ఉచిత ఆన్‌లైన్ గ్రంథాలయం తన దగ్గరున్నవాటిని టోరెంట్ల ద్వారా, అంటే జనం కంప్యూటర్ల మధ్యే ఫైళ్లు పంచుకునే పద్ధతిలో కూడా ఇస్తోంది. కర్నూలు, కడప, అనంతపురం కళాశాలలు, గ్రంథాలయాలు ప్లేట్లున్న ఇళ్లకు వెళ్లి, వాటిని ఫైళ్లుగా మార్చి, ఇదే దారిలో పెట్టాలి. ఊరూరి క్యాసెట్లకైతే ఆ కళాకారుల అనుమతి కావాలి. వాళ్లలో చాలామంది ఇప్పటికే పెద్దవాళ్లయ్యారు, అడగాల్సింది ఇప్పుడే.