వార్త కూర్చిన చేతికి పేరెందుకు లేదు?

పాత తెలుగు సినిమాల టైటిళ్లలో 'కూర్పు' అన్న మాట పడేది. ఎడిటింగ్‌కు మనవాళ్లు పెట్టుకున్న పేరు అది. ఇప్పుడు స్టూడియోల్లో గానీ, ఛానళ్లలో గానీ ఆ మాట వినబడదు. అందరి నోటా 'కట్' ఒక్కటే మిగిలింది. మాటతో పాటు ఆ పని మీద మన అంచనా కూడా మారిందని నా అభిప్రాయం. తీసిన దాంట్లో అక్కర్లేనిది కోసి పారేసేవాడే ఎడిటర్ అనుకుంటే అతని పేరూ జీతమూ చిన్న విషయాలుగానే కనిపిస్తాయి. విడివిడి ముక్కల నుంచి అర్థాన్ని కూర్చేవాడు అనుకుంటే లెక్క మారిపోతుంది.

నల్లగొండ, మిర్యాలగూడ, జడ్చర్ల, అచ్చంపేట వైపు నుంచి ఈ వృత్తిలోకి వచ్చేవారిలో చాలామందికి మొదటి బడి ఫొటో స్టూడియో వెనక గదిలోని వీడియో మిక్సింగే. రెండు రోజుల పెళ్లిని రెండు గంటలకు కుదించడం తక్కువ చదువేమీ కాదు. తలంబ్రాల దగ్గర ఏ మేనమామ ముఖం కనబడకపోతే ఆ ఇంట్లో మాట వస్తుందో, అప్పగింతలప్పుడు తల్లి ముఖం మీద ఎంతసేపు నిలవాలో అక్కడే తెలుస్తుంది. ఆ తర్వాత హైదరాబాద్‌లో ఏదో ఒక ఛానల్ నైట్ షిఫ్టు, ఆపైన సీరియళ్లు, కలిసొస్తే సినిమా ఎడిటర్ దగ్గర అసిస్టెంట్ పని. పుణె ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్‌లో ఎడిటింగ్ కోర్సు ఉందని తెలిసేసరికే చాలామంది నెత్తిన ఇంటి బరువు పడి ఉంటుంది.

ఈ పని పక్కన నిలబడి నేర్చుకునేది. దేశంలోని గొప్ప ఎడిటర్లలో ఒకరైన శ్రీకర్ ప్రసాద్‌కు తండ్రి సంజీవి కూడా ఎడిటర్ కావడం ఎంత పెద్ద ఆస్తో ఊహించవచ్చు. రీళ్ల కాలంలో 35 ఎం.ఎం. ఫిల్మ్ సెకనుకు 24 ఫ్రేములు, నిమిషానికి 90 అడుగుల చొప్పున నడిచేది. రెండున్నర గంటల సినిమా అంటే 13,500 అడుగులు. ఒకసారి కోసినదాన్ని మళ్లీ అతికించడం శ్రమ కాబట్టి గురువు కోసే ముందు ఆగి ఆలోచించేవాడు, ముక్కల మీద నంబర్లు రాస్తూ పక్కనే ఉన్న అసిస్టెంటుకు ఆ ఆలోచన కళ్లకు కనబడేది. కంప్యూటర్ వచ్చాక వేగం పెరిగింది, కానీ అసిస్టెంటు వేరే గదిలో శబ్దాన్ని దృశ్యంతో సింక్ చేస్తూ, ఫోల్డర్లు సర్దుతూ ఉండిపోతున్నాడు. సాఫ్ట్‌వేర్ వాడటం నెలలో వస్తుంది. ఎక్కడ ఆగాలో తెలియడానికి మరొకరు ఆగడం చూడాలి.

నేను ఒక ఛానల్ న్యూస్ డెస్క్‌లో ఉన్న రోజుల్లో అలా ఆగడం ఒకసారి చూశాను. నల్లగొండ జిల్లా మర్రిగూడ మండలంలో, నీళ్లలోని ఫ్లోరైడ్ వల్ల ఎముకలు వంగిపోయే ఫ్లోరోసిస్ బాధితుల మీద నిమిషంన్నర ప్యాకేజీ, అంటే దృశ్యాలూ మాటలూ కలిపి కూర్చిన వార్తా కథనం అది. వంకర తిరిగిన కాళ్లతో కూర్చున్న కొడుకు పక్కన తల్లి, "నేను పోయినంక వీన్ని ఎవలు జూస్తరు?" అని ఆగిపోయింది. కొంగు చివర వేలికి చుట్టుకుంటూ అరుగు వైపు చూసింది. "నీళ్లైతే మంచియి వస్తున్నయి, వీని కాళ్లు మళ్ల రావు గద" అంది. మధ్యలో 4 సెకన్ల మౌనం. సెకనుకు 25 ఫ్రేముల టీవీ లెక్కలో 100 ఫ్రేములు. అది తీసేయమని షిఫ్ట్ ఇన్‌ఛార్జ్ చెప్పాడు. దేవరకొండ వైపు నుంచి వచ్చిన ఎడిటర్ ఆ మౌనాన్ని ముట్టుకోకుండా, నేను రాసిన వాయిస్ ఓవర్‌లోంచి 'హృదయ విదారక' లాంటి విశేషణాలతో ఉన్న ఒక వాక్యం తీసేశాడు. "మా అమ్మ గూడ ఇట్లనే మాట్లాడుతది సార్, ఆగినంకనే అసలు మాట జెప్తది" అన్నాడు. ప్యాకేజీలో రిపోర్టర్ పేరు పడింది, యాంకర్ ముఖం కనబడింది. అతని పేరు ఎక్కడా లేదు.

పాలమూరు అనగానే నెర్రెలిచ్చిన నేల, మూటలతో బస్సెక్కే కూలీలు తెర మీద పడటం వెనక ఉన్నది కూడా ఈ పనే. వలస అబద్ధం కాదు, ఇంకా ఉంది. కానీ కల్వకుర్తి, నెట్టెంపాడు, భీమా ఎత్తిపోతల కింద వరి పండుతున్న ఊళ్ల వార్తకు కూడా అదే ఫైల్ షాట్, అంటే ఎప్పుడో తీసి దాచిన పాత దృశ్యం వేయడం అబద్ధమే. ఆ షాట్ ఏ ఊరిదో, ఏ ఏటిదో అడగగలిగిన ఆఖరి మనిషి ఎడిటర్. పది నిమిషాల్లో ప్యాకేజీ ఎయిర్‌కు వెళ్లాలన్న ఒత్తిడిలో, తన పేరు కూడా పడని పనిలో, అతను ఎవరిని అడుగుతాడు?

మంచి ఎడిటింగ్ కంటికి కనబడకూడదంటారు. ఒప్పుకుంటాను. అయితే పనికి చెప్పిన ఆ సూత్రాన్ని మనిషికి అంటగట్టడం అన్యాయం. సినిమాలో టైటిల్ కార్డు ఉంది. 67వ జాతీయ పురస్కారాల్లో నవీన్ నూలికి 'జెర్సీ' సినిమాకు దక్కినట్టు అవార్డూ ఉంది. వార్తా ఛానళ్లలో పనిచేసేవారికి రెండూ లేవు. ప్యాకేజీ చివర రిపోర్టర్ పేరు కింద 'కూర్పు' అని మరో పేరు వేయడానికి ఒక్క సెకను చాలు. పేరుంటే బాధ్యత వస్తుంది, తప్పుడు షాట్ వేయనని అనే హక్కు కూడా వస్తుంది. జిల్లా కేంద్రాల్లో మిక్సింగ్ నేర్చిన పిల్లలను సీనియర్ల పక్కన ఆరు నెలలు కూర్చోబెట్టే ఏర్పాటుకు ఛానళ్లకు పెద్ద ఖర్చేమీ కాదు.

ఆ దేవరకొండ ఎడిటర్ ఇప్పుడు సొంత ఊళ్లో మిక్సింగ్ చేసుకుంటున్నాడు. ఫ్లోరైడ్ మాట వచ్చినప్పుడల్లా ఆ తల్లి మాటలు ఫైల్ బైట్‌గా, అంటే దాచిన పాత మాటల ముక్కగా వస్తూనే ఉన్నాయి. మధ్యలో ఆ 4 సెకన్లు మాత్రం ఉండవు.