నెత్తురు కారే చెట్టు మా కొండల్లోనే ఉంది

ఊహాలోకపు పాత తాళపత్ర గ్రంథం అంటూ మాయమొక్కల మీద మీరు రాసిన వ్యాసం బాగుంది రచయిత గారూ. నరికితే నెత్తురు కారే చెట్టు దగ్గర మాత్రం నవ్వొచ్చింది. మాది కడప. మా లంకమల, పాలకొండల ఎర్రచందనం బెరడు మీద గొడ్డలి దెబ్బ పడితే ఎర్రటి జిగురే కారుతుంది! ఎండి ముడుచుకుపోయి, నీళ్లలో వేస్తే కొన్ని గంటల్లో విచ్చుకునే మొక్కా కల్పనేం కాదు, సంజీవని అని అమ్మేది అలాంటిదే. మనిషితో మాట్లాడే తీగ అచ్చంగా మీదే, ఆ భాగం రెండుసార్లు చదివాను.

ఒక్కటే కంప్లైంట్. ప్రతి మొక్కకూ మహిమ రాశారు గానీ ఏ నేలలో, ఏ కార్తెలో మొలుస్తుందో రాయలేదు. మా అవ్వ అయితే ముందు అదే అడిగేది. పసరు ఎవరికి పడదో చెప్పని పుస్తకాన్ని అటకెక్కించేసేది.