బాక్సింగ్ కెమెరామెన్‌కి కనీస మద్దతు రౌండ్లు కావాలి

రైతుకి కనీస మద్దతు ధర ఉంది, కాగితం మీదైనా సరే. బాక్సింగ్ షూట్ చేసే కెమెరామెన్‌కి మాత్రం ఇన్ని రౌండ్లు గ్యారంటీ అని ఏ ప్రభుత్వమూ ప్రకటించిన పాపాన పోలేదు. బాక్సర్ ఎంత తొందరగా గెలిస్తే ఇతను అంతగా నష్టపోతాడు. ఎవరూ పడిపోకూడదని మనసారా మొక్కుకునేది రింగు దగ్గర ఇతనొక్కడే.

ఈ అన్యాయానికి మొదట బలైనవాళ్లలో ఎనాక్ రెక్టర్ అనే అమెరికన్ ఒకడు. మొదట్లో బాగానే ఉండేది. 1894లో న్యూజెర్సీలోని ఎడిసన్ స్టూడియోలో రెక్టర్, అతని భాగస్వాములు తీసిన పోటీలో ఒక్కో రౌండు ఒక్క నిమిషమే, ఎందుకంటే ఫిల్మ్ అంతే పట్టేది మరి. ఫిల్మ్ అయిపోయిందంటే రౌండు అయిపోయినట్టే. ఆ క్రమశిక్షణ ఇప్పుడెక్కడుంది?

తర్వాత 1896 ఫిబ్రవరి, రెక్టర్ తీయాలని బయల్దేరిన ఫిట్జ్‌సిమన్స్, పీటర్ మాహెర్ అనే బాక్సర్ల పోటీ. బాక్సింగ్ వీల్లేదని టెక్సాస్ గవర్నర్ అంతకుముందే అసెంబ్లీని ప్రత్యేకంగా పిలిపించి మరీ చట్టం చేయించాడు. సరే అని జనమంతా రైలెక్కి లాంగ్‌ట్రీ అనే పల్లెకి వెళ్లారు. అక్కడ జడ్జీ, సారాకొట్టు ఓనరూ రెండూ తానే అయిన రాయ్ బీన్ దయవల్ల, రియో గ్రాండే నదిలో మెక్సికో వైపు ఇసుక తిన్నె మీద రింగు వేశారు. టెక్సాస్ పోలీసులు ఇవతలి గట్టు మీద నిలబడి ఫ్రీగా చూశారు. అంతకుముందే మాహెర్ కళ్లలో దుమ్ము పడి పోటీ వారం వాయిదా. ఆ వారం ఖర్చు ఎవరిస్తారు చెప్పండి?

తీరా పోటీ రోజున మబ్బు. ఆ కెమెరాకి ఎండే దిక్కు, ఎండ లేదు. పైగా ఫిట్జ్‌సిమన్స్ అనే ఆ నిర్దయుడు 95 సెకన్లలో మాహెర్‌ని పడుకోబెట్టేశాడు. మా వీధిలో పెళ్లి వీడియోలు తీసే తమ్ముడి పనే నయం. "సార్, తాళి కట్టేది సరిగ్గా రాలేదు, ఇంకోసారి" అంటే పంతులుగారితో సహా మండపమంతా ఆగుతుంది. మాహెర్‌ని "లేవండి సార్, ఇంకోసారి పడండి" అనగలమా?

అయినా రెక్టర్ మానలేదు (నేనైతే ఆ తమ్ముడి దగ్గర లైటు పట్టుకునే పనికి చేరిపోయేవాణ్ణి). 1897లో నెవాడా వాళ్లు బాక్సింగ్‌ని చట్టబద్ధం చేశారు. మార్చి 17న కార్సన్ సిటీలో మూడు కెమెరాలు, 63 మిల్లీమీటర్ల వెడల్పు ఫిల్మ్ సుమారు 11,000 అడుగులు, పైన మంచి ఎండ. ఎందుకైనా మంచిదని రింగు అంచు మీద కాపీరైట్ మాదేనని పెద్ద అక్షరాలతో రాయించారు. ఆ పోటీలో కార్బెట్ అనే బాక్సర్ మహానుభావుడు 14వ రౌండు దాకా నిలబడ్డాడు. పడగొట్టింది మళ్లీ ఆ ఫిట్జ్‌సిమన్సే, కాకపోతే ఈసారి ఫిల్మ్ తిరిగాక. సినిమా గంటన్నర దాటింది. చూడటానికి ఆడవాళ్లు కూడా బాగానే వచ్చారట. నా లెక్క ప్రకారం ఆ రోజు బెల్టు కార్బెట్‌కే ఇవ్వాలి.

ఈలోగా ఫిలడెల్ఫియాలో సిగ్మండ్ లూబిన్ అనే ఆయన ఇద్దరు రైల్వే హమాలీలకి గ్లౌజులు తొడిగి, పేపర్లో వచ్చిన వార్త చదివి వినిపిస్తూ అదే పోటీని తీసి అమ్ముకున్నాడు. వాళ్లు కొట్టమన్నప్పుడు కొట్టారు, పడమన్నప్పుడు పడ్డారు. అలాంటి బంగారాలు ముందే దొరికుంటే రెక్టర్‌కి లాంగ్‌ట్రీ రైలు టికెట్టు దండగయ్యేది కాదు.