సవరణ: ఏసీ గార్డ్స్ సిద్దీలు పరాయివారు కారు

హైదరాబాద్‌లో మాసాబ్ ట్యాంక్ పక్కనున్న ఏసీ గార్డ్స్ గురించిన గత టపాలో "ఇక్కడ ఇప్పటికీ ఆఫ్రికన్లు ఉంటున్నారు" అన్న వాక్యం ఉంది. దాన్ని "ఇక్కడ సిద్దీ హైదరాబాదీలు ఉంటున్నారు" అని మార్చాను. సిద్దీలంటే ఆఫ్రికా నుంచి వచ్చి ఇక్కడ స్థిరపడినవారి సంతతి.

పేటకు ఆ పేరు వచ్చింది నిజాం కొలువులోని ఆఫ్రికన్ కావల్రీ గార్డ్స్ అనే ఆశ్విక దళం నుంచి. 1948లో సంస్థానం భారత్‌లో కలిశాక దళం పోయింది, కొలువులు పోయాయి. మనుషులు మాత్రం ఇక్కడే ఉండిపోయారు. వారి మనుమలు, మునిమనుమలు పుట్టింది ఇక్కడే, మాట్లాడేది దక్కనీ ఉర్దూ. అయినా ఉంగరాల జుట్టు, ఒంటి రంగు చూడగానే "మీది ఏ దేశం?" అని అడిగేస్తారు. దుకాణంలో ఇంగ్లీషులో ధర చెబుతారు. కొనడానికి వచ్చిన సిద్దీ కుర్రవాడు దక్కనీలో బేరం మొదలుపెడితే నోరెళ్లబెడతారు. సొంత ఊళ్లో ఊరివాడినని పదే పదే రుజువు చేసుకోవలసి రావడం నాకు చాలా బాధగా అనిపిస్తుంది. పెళ్లి ఊరేగింపులో మర్ఫా మోగితే మాత్రం అది మన నగరపు వాద్యమని అందరం చిందులేస్తాం. దాన్ని నిలబెట్టిన వారిలో ఈ సిద్దీలే ముఖ్యులు.

"అందరూ బానిసల సంతతే కదా" అని కొందరు రాశారు. కాదు. బానిసలుగా అమ్ముడై వచ్చినవారూ ఉన్నారు, సైనికులుగా వచ్చినవారూ ఉన్నారు. బానిసగా వచ్చినవారూ అక్కడే ఆగిపోలేదు: ఇథియోపియాలో పుట్టి బానిసగా అమ్ముడైన మాలిక్ అంబర్ దక్కన్‌లోని అహ్మద్‌నగర్ రాజ్యాన్ని నడిపి, 1626లో చనిపోయేదాకా మొఘలులను ఎదిరించాడు.

ఇంకొకటి: ఏసీ గార్డ్స్‌లో ఉన్నవారంతా సిద్దీలు కారు.